ఎదురేరు ఆగిన మెట్టు

ఇరవై రెండేళ్ళుగా తిరుపతిలో ఉన్నత పాఠశాల పిల్లలకు తెలుగు చెబుతున్నాను. పుట్టిందీ ఈ ఊళ్ళోనే, కాపురమూ ఈ ఊళ్ళోనే. అయినా రెండేళ్ళకు పైగా, వారంలో మూడు రాత్రులైనా, ఈ ఊరిలాగే ఉండి ఈ ఊరు కాని వేరొక తిరుపతిలో తిరిగాను. అక్కడ నేను చూసినదానికి తెలుగులో పేరు లేదు కనుక నేనే ఒక పేరు పెట్టుకున్నాను: ఎదురేరు. దాని బారి నుంచి ఎలా బయటపడ్డానో, వైద్యులు ఏం చేశారో, నేనేం చేశానో ఉన్నదున్నట్టు రాస్తున్నాను. ఒకే పీడకల మళ్ళీ మళ్ళీ వచ్చి, నిద్రపోవడానికే భయపడి దీపం వేసుకుని కూర్చునేవారు మన ఇళ్ళలోనే ఉన్నారని, పిల్లలా కలకు భయపడుతున్నామని సిగ్గుపడి ఎవరికీ చెప్పుకోరని నాకిప్పుడు తెలుసు.

మొదలు ఎక్కడుందో చెప్పకపోతే మిగిలినది అర్థం కాదు. 2021 నవంబరు 18, కార్తీక పౌర్ణమికి ముందురోజు. ఆ రోజు కురిసిన వానకు శేషాచలం వాగులన్నీ ఒక్కసారిగా ఊరి మీద పడ్డాయి. కపిలతీర్థం జలపాతం మండపాల మీదుగా ఉరికింది, ఘాట్ రోడ్డులో బండలు జారిపడ్డాయి, శ్రీవారి మెట్టు దారి దెబ్బతిని నెలల తరబడి మూతబడింది. మా వీధి పల్లంలో ఉంది. చీకటి పడేసరికి మోకాలి లోతు నీళ్ళు ఇంట్లోకి వచ్చాయి. ఎదురింటి మేడ మీదికి పోదామని మా ఆయన ముందు, నేను అమ్మ చెయ్యి పట్టుకుని వెనుక, వీధి దాటుతుండగా అమ్మ కాలు జారి ఆమె చెయ్యి నా చేతిలోంచి తప్పిపోయింది. డెబ్బై దాటిన మనిషి నడుము లోతు నీళ్ళలో పడి నాలుగడుగులు కొట్టుకుపోయింది. మా ఆయన వెనక్కి తిరిగి చూశాడు కాబట్టి పట్టుకోగలిగాడు. ఆ నాలుగడుగుల సేపు నేను అరవాలనుకున్నాను, నా నోటి వెంట చిన్న శబ్దమైనా రాలేదు. అమ్మకు మోచెయ్యి గీరుకుపోవడం తప్ప ఏమీ కాలేదు. తర్వాతి రోజుల్లో రాయలచెరువు కట్ట తెగుతుందేమోనని చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు ఇళ్ళు వదిలి వెళ్ళిన వార్తలు చదువుతూ, మేము అదృష్టవంతులమనే అనుకున్నాం. బురద కడిగాం, తడిసిన పుస్తకాలు ఎండబెట్టాం, బడికి వెళ్ళాం.

సంక్రాంతి దాటాక కల మొదలైంది.

ఆ ఊళ్ళో గోవిందరాజస్వామి గోపురం ఉంది, రైల్వే స్టేషను ఉంది, మా వీధి ఉంది. కొండ మాత్రం వీధి చివరికే జరిగి ఉంటుంది, చెయ్యి చాపితే అందేటంత దగ్గర. ముందు శబ్దం పోతుంది. ఆటో హారన్లు, పూలమ్మే ఆమె కేక, గుడిగంట ఒక్కొక్కటిగా ఆగిపోతాయి. కుక్క నోరు తెరుస్తుంది, మొరుగు వినబడదు. అప్పుడు నీళ్ళు వస్తాయి. కొండ నుంచి పల్లానికి కాదు, స్వర్ణముఖి వైపు నుంచి, రైలు పట్టాల మీదుగా, మిట్టకు ఎక్కుతూ కొండ వైపు ప్రవహిస్తాయి. అదే ఎదురేరు. చీలమండ లోతుకు మించవు, నలక కూడా లేనంత స్వచ్ఛంగా ఉంటాయి. ఆ నీరు ఎవరి మడమకు తగిలితే వారు ముఖం కొండ వైపు తిప్పి నడక మొదలుపెడతారు. పరుగెత్తరు, ఏడవరు, తిరిగి చూడరు. వారిని పిలిచి ఆపుదామంటే వారి పేరు మన నాలుక మీది నుంచి మాయమవుతుంది. జనమంతా అలా అలిపిరి మెట్లెక్కి పైనున్న పొగమంచులో కలిసిపోతారు. ప్రతిసారీ చివర్లో అమ్మ నాకు పదడుగుల ముందు ఉంటుంది. ఆమెను ఏమని పిలవాలో నాకు తెలియదు. 'అమ్మ' అనే మాటే లేని లోకం అది. ఆ క్షణంలో నా చుట్టూ నీళ్ళు ఒక్కసారిగా గుండెల దాకా లేస్తాయి, నేను మేలుకుంటాను.

మేలుకోవడంతో అది తీరిపోయి ఉంటే బహుశా ఏ వైద్యుడి దగ్గరకూ వెళ్ళేదాన్ని కాదు. కళ్ళు తెరుచుకుని ఉండేవి, మా పడకగది ఫ్యాను, కిటికీ కనిపించేవి, కాని కాలు కదలదు, చెయ్యి కదలదు, గొంతు పెగలదు. గుండెల మీద ఎవరో కూర్చున్న బరువు. గుమ్మం దగ్గర ఎవరో నిలబడి ఉన్నారన్న నమ్మకం. గడియారం చూసుకుంటే అది ఒకటి రెండు నిమిషాలకు మించేది కాదు. అనుభవించేవారికి ఆ లెక్కతో పని లేదు.

అమ్మకు తన కారణంగానే ఈ కల అని చెప్పలేదు. నేను నిద్రలో మూలగడం విని ఆమే అడిగింది. "మీ అవ్వకూ ఇట్లనే ఉండేది మే. దయ్యం గుండెల మీద కూసుంటాది అనేవాళ్ళు" అని, దిండు కింద కొడవలి పెట్టింది, దిష్టి తీసింది, తాతయ్యగుంట గంగమ్మ గుడికి తీసుకుపోయి మొక్కుకోమంది. ఇవన్నీ చేశాను, మనస్ఫూర్తిగానే చేశాను. గుడి నుంచి వచ్చిన రాత్రి బాగా నిద్రపట్టేది కూడా. వారం తిరిగేసరికి ఎదురేరు వచ్చేది.

మొదట వెళ్ళిన వైద్యుడు నా మాట పూర్తిగా వినకుండానే నిద్రమాత్ర రాశాడు. రెండు నెలలు వాడాను. కల తగ్గింది, కాని పగలంతా తల బరువు, పాఠం మధ్యలో పద్యపాదం మరిచిపోయి పిల్లల ముందు నిలబడిపోయిన రోజులున్నాయి. భయపడి ఒక్కసారిగా మానేశాను. ఆ వారం ఏడు రాత్రులూ కొండ వీధి చివరికి వచ్చింది. కొన్ని మందులు కలలు వచ్చే నిద్రను అణచిపెడతాయని, వాటిని హఠాత్తుగా ఆపితే ఆ నిద్ర వడ్డీతో సహా తిరిగి వస్తుందని తర్వాత తెలుసుకున్నాను. మాత్రలు మానాలనుకుంటే అడిగి, కొద్దికొద్దిగా తగ్గించుకోవాలన్న మాట నాకు ముందే ఎవరైనా చెప్పి ఉండవలసింది. ఆ విషయంలో నా మనసు ఇంకా మెత్తబడలేదు.

రెండవసారి ఒక మానసిక వైద్యురాలి దగ్గరకు వెళ్ళాను. ఆమె మొత్తం విన్నది. ఎదురేరు ఏ దిక్కు నుంచి వస్తుందో కూడా అడిగింది. మందు రాయకుండా రెండు పనులు చెప్పింది: లేవగానే కలను పుస్తకంలో రాయమంది, ఒక రాత్రి ఆసుపత్రిలో పడుకుని నిద్రపరీక్ష చేయించుకోమంది. శ్వాస ఆగిపోయి ఉక్కిరిబిక్కిరి కావడం వల్ల కూడా ఇలాంటి మెలకువలు రావచ్చు కనుక ముందు అది కాదని తేల్చుకోవాలని కారణం చెప్పింది.

నిద్రపరీక్షకు వెళ్ళేవారు భయపడకుండా ఉండేందుకు ఆ రాత్రి సంగతి కొంచెం వివరంగా రాస్తాను. తలకు నూనె రాసుకోకుండా రమ్మన్నారు. రాత్రి తొమ్మిదింటికి ఒక అమ్మాయి దాదాపు ముప్పావు గంటసేపు నాకు తీగలు అతికించింది: మెదడు విద్యుత్తు కోసం నెత్తి మీద, కనుగుడ్ల కదలిక కోసం కళ్ళ పక్కన, కండరాల బిగువు కోసం గడ్డం కింద, పిక్కల మీద, గుండె కోసం ఛాతీ మీద. రొమ్ముకు, పొట్టకు రెండు పట్టీలు, ముక్కు దగ్గర సన్నటి గొట్టం, వేలికి రక్తంలో ఆక్సిజన్ చూసే క్లిప్పు. ఏదీ గుచ్చేది కాదు, కరెంటు తగిలేదీ కాదు. గోడ మీద కెమెరా ఉంటుంది. "ఇన్ని తీగలతో నిద్రెట్లా పడుతుందమ్మా?" అంటే ఆ అమ్మాయి, "అందరూ ఇట్లనే అంటారు మేడం, అందరూ నిద్రపోతారు" అంది. నేనూ నిద్రపోయాను. ఆ రాత్రి ఎదురేరు రాలేదు. ఎప్పుడో చదివిన బడిలో పరీక్ష రాస్తున్న మామూలు కల వచ్చింది. తెల్లవారి జిగురు వదలడానికి మాత్రం రెండుసార్లు తలస్నానం చేయవలసి వచ్చింది.

ఫలితం చూపిస్తూ వైద్యురాలు చెప్పినది నాకు పాఠంలా గుర్తుండిపోయింది. మన నిద్ర ఒకే ముద్ద కాదు. సుమారు తొంభై నిమిషాలకు ఒక చుట్టు చొప్పున రాత్రికి నాలుగైదు చుట్లు తిరుగుతుంది. ప్రతి చుట్టు చివర కనుగుడ్లు చకచక కదిలే దశ ఒకటి వస్తుంది, దానినే రెమ్ నిద్ర అంటారు. 1953లో అసెరిన్‌స్కీ, క్లీట్‌మన్ అనే ఇద్దరు పరిశోధకులు అమెరికాలో దానిని గుర్తించి ప్రకటించారు. స్పష్టమైన కలలు ఎక్కువగా వచ్చేది అందులోనే. తెల్లవారుతున్నకొద్దీ ఆ దశ పొడవవుతుంది. నా కల ఎప్పుడూ నాలుగింటి ప్రాంతంలోనే ఎందుకు వస్తుందో అప్పుడు తెలిసింది. కలలో పరుగెత్తితే మంచం మీద కూడా పరుగెత్తకుండా మెదడు కాండం ఆ సమయంలో ఒంటి కండరాలను సడలించి ఉంచుతుంది. ఊపిరి తీసే డయాఫ్రం, కళ్ళు మాత్రమే పనిచేస్తుంటాయి. ఆ కట్టు ఇంకా విడకముందే స్పృహ వచ్చేస్తే, కళ్ళు తెరిచి కదలలేక పడి ఉంటాం. గుండెల దాకా లేచిన నీళ్ళు, అవ్వ గుండెల మీద కూర్చున్న దయ్యం, రెండూ ఆ కట్టే. నూటికి ఏడెనిమిది మంది జీవితంలో ఒక్కసారైనా దీనిని అనుభవిస్తారని 2011లో వచ్చిన ఒక సమీక్ష తేల్చిందట. ప్రాణానికి ప్రమాదం లేదు. వెల్లకిలా పడుకోవడం, నిద్ర చాలకపోవడం, వేళ తప్పిన నిద్ర దీనిని పెంచుతాయి. అది వచ్చినప్పుడు మొత్తం ఒంటితో పెనుగులాడక, ఊపిరి మీద మనసు పెట్టి, ఒక్క చిటికెనవేలిని మాత్రమే కదిలించే ప్రయత్నం చేయమంది.

చిటికెనవేలి ఉపాయం మొదటి వారంలోనే పనిచేసింది. కల మాత్రం పోలేదు. కారణం తెలిస్తే భయం పోతుందనుకునేదాన్ని. కారణం తెలిశాక పగటి భయమే పోయింది. ఆ ఊళ్ళో నిలబడి ఉన్న నాకు రెమ్ నిద్ర గురించి ఏమీ తెలియదు.

ఈ మాట మా వీధిలోని పెద్దాయన ఒకరితో అన్నాను. సంస్కృతం, వేదాంతం చెప్పి విరమించినవారు. ఆయన నవ్వుతారనుకున్నాను, నవ్వలేదు. బృహదారణ్యక ఉపనిషత్తులో కలను గురించి, అక్కడ రథాలు లేవు, గుర్రాలు లేవు, దారులు లేవు, వాటన్నింటినీ సృష్టించుకుంటాడు అన్న వాక్యం ఎత్తి, దాని మీద రామానుజులవారి భాష్యంలోని వాదం చెప్పారు: కలలోని వస్తువులు వట్టి అబద్ధం కావు, ఆ మనిషి మాత్రమే, ఆ కాసేపు మాత్రమే అనుభవించడానికి ఈశ్వరుడు సృష్టించినవి. "అందుకని కలే కదా అని తీసిపారేయొద్దమ్మా. అక్కడున్నంతసేపు అది నీకు నిజమే. అక్కడికి తగిన పని అక్కడే చెయ్యాలి" అన్నారు. తర్వాత వైద్యురాలు మొదలుపెట్టిన చికిత్స సరిగ్గా ఆ పనే.

దానిని ఇమేజరీ రిహార్సల్ అంటారు. వినడానికి చాలా చిన్న సంగతి. మేలుకుని ఉండగా పీడకలను రాయాలి. అందులో ఏదో ఒకటి, మనకు తోచినట్టు మార్చాలి. మార్చిన కలను రోజూ పది, పదిహేను నిమిషాలు కళ్ళు మూసుకుని చూసుకోవాలి. పాత కలను మాత్రం మననం చేయకూడదు. బ్యారీ క్రాకోవ్ అనే వైద్యుడి బృందం లైంగిక దాడికి గురైన 168 మంది స్త్రీలతో చేసిన పరిశీలన 2001లో అచ్చయిందని, ఈ పద్ధతి నేర్చుకున్నవారికి పీడకలలు గణనీయంగా తగ్గాయని ఆమె చెప్పింది. వారి బాధ ముందు నాది ఎంత అనిపించింది. అయినా వారికి పనికివచ్చినది నాకెందుకు రాదు అన్న ధైర్యమూ వచ్చింది.

మొదట రాసినది వ్యర్థమయింది. మా వీధి చివర ఎదురేటికి అడ్డంగా ఆనకట్ట కట్టాను. రాళ్ళు, సున్నం, తూములతో సహా చక్కగా వర్ణించాను. ఐదు రోజులు మననం చేశాను. ఆరవ రాత్రి నీళ్ళు ఆనకట్ట రాళ్ళను కూడా తీసుకుని నిశ్శబ్దంగా కొండెక్కాయి. ఏడ్చాను. వైద్యురాలు నా కాగితం చదివి, "ఇది చాలా అందంగా ఉంది. మీరు దీన్ని నమ్ముతున్నారా?" అని అడిగింది. లేదు. ఆ ఊరి స్వభావం తెలిసిన నేను ఆనకట్టను ఒక్క క్షణమైనా నమ్మలేదు.

ఇంటికి వచ్చి కలల పుస్తకం మొదటి నుంచి చదివాను. అప్పటికి నలభైకి పైగా రాతలున్నాయి. నిద్రమత్తులో రాసినవి, అక్షరాలు వంకర. పిల్లల జవాబు పత్రాలు దిద్దినంత శ్రద్ధగా చదువుతుంటే, నేనే రాసి నేనే గమనించని సంగతి ఒకటి కనిపించింది. ఒకచోట ఎదురేరు ఒక ఇంటి గడప ముందు అప్పుడే వేసిన ముగ్గు చుట్టూ తిరిగి వెళ్ళింది. ఇంకొకచోట చిన్నపిల్లవాడు అరచెయ్యి ఆన్చి ఉంచిన రాయిని తడపలేదు. మరొకచోట పేడతో అలికిన అరుగును వదిలేసింది. అప్పుడే మనిషి చెయ్యి తగిలినదానిని ఎదురేరు దాటదు! ఆ లోకానికి ఒక నియమం ఉంది. నా కలే దానిని నాకు మూడుసార్లు చూపించింది. ఆ సాయంత్రం పుస్తకం మూయకుండా చాలాసేపు అలాగే కూర్చున్నాను. వరద రాత్రి నా చేతిలోంచి జారిపోయిన చెయ్యి గుర్తుకు వచ్చింది. చెయ్యి గురించే ఆ కలంతా అని నాకప్పుడు తోచింది.

రెండవసారి రాసినది ఎనిమిది వాక్యాలే. శబ్దం పోతుంది, ఎదురేరు వస్తుంది, వాటిని మార్చలేదు. జనం అలిపిరి వైపు నడుస్తారు. నేను వారి పక్కనుంచి ముందుకు వెళ్ళి మొదటి మెట్టు దగ్గర వంగుతాను. నా కుడిచేతిలో పసుపు, ఎడమచేతిలో కుంకుమ. మెట్టుకు పసుపు రాస్తాను, బొట్టు పెడతాను, రెండో మెట్టుకు రాస్తాను. ఎదురేరు ఆ మెట్టు అంచు దాకా వచ్చి ఆగుతుంది. నడిచేవారు ఆగుతారు. అమ్మ తిరిగి చూస్తుంది.

మొక్కుకున్నవారు మెట్టు మెట్టుకూ పసుపు కుంకుమ పెడుతూ కొండెక్కడం ఈ ఊళ్ళో పుట్టినవారికి చిన్ననాటి నుంచి కళ్ళకు అలవాటైన దృశ్యం. అలిపిరి నుంచి పైకి మూడున్నర వేల మెట్లకు పైగా ఉన్నాయి. నడుము వంచి అన్నింటికీ పసుపు రాసే స్త్రీలను చూశాను. నేనెప్పుడూ చేయలేదు. ఆ శుక్రవారం తెల్లవారుజామున పక్కింటి వదినను తోడు తీసుకుని వెళ్ళి, మొదటి యాభై మెట్లకు నిజంగానే రాశాను. కళ్ళు మూసుకున్నప్పుడు చేతికి ఆ రాతి చల్లదనం తెలియాలని నా కోరిక. ఇది వైద్యురాలు చెప్పినది కాదు, నాకు తోచినది; కాని తర్వాతి మననంలో పసుపు వాసన కూడా వచ్చేది.

రోజూ సాయంత్రం దీపం పెట్టాక పదిహేను నిమిషాలు. మూడవ వారంలో ఎదురేరు వచ్చింది, నా చేతిలో పసుపు లేదు, అయినా దూరంగా ఒక శబ్దం వినిపించింది. ఎవరో గోవింద నామం అంటున్నారు. రెండేళ్ళలో ఆ ఊళ్ళో నేను విన్న మొదటి శబ్దం అది. రెండు నెలలకు వారానికి ఒక్కసారి, ఆరు నెలలకు ఎప్పుడో ఒకసారి. మధ్యలో ఒకసారి వరుసగా నాలుగు రాత్రులు వచ్చి నన్ను బాగా బెదిరించింది. అది పబ్లిక్ పరీక్షల పేపర్లు దిద్దే రోజులు, నిద్ర సరిగా లేదు. వేళకు పడుకోవడం, పక్కకు తిరిగి పడుకోవడం మళ్ళీ మొదలుపెట్టాక తగ్గింది.

చివరిసారి వచ్చినది పోయిన కార్తీకంలో. కొండ వీధి చివరే ఉంది. శబ్దం ఆగింది, నీళ్ళు వచ్చాయి. నేను మూడవ మెట్టు దగ్గర వంగి ఉన్నాను, రెండు చేతులూ మణికట్టు దాకా పసుపు. ఎదురేరు రెండవ మెట్టు మీద అద్దంలా నిలిచిపోయింది. అమ్మ వెనక్కి తిరిగి, నా చేతులు చూసి, మామూలు గొంతుతో అంది: "ఏం మే, చేతులు కడుక్కోకుండా నిలబడుకోనుండావు? నీళ్ళు ఉండాయి కదా."

మెలకువ వచ్చింది. చిటికెనవేలి కోసం వెతుక్కోవలసిన పని లేకుండానే చెయ్యి కదిలింది. బయట నిజంగానే వాన పడుతోంది. పక్క గదిలోంచి అమ్మ, "వానా?" అంది.

"వానే, అమ్మా."

"గేటు కాడ నీళ్ళు నిలిచినాయేమో చూడు."

టార్చిలైటు తీసుకుని వెళ్ళి చూశాను. కాలువలో ఆకులు అడ్డం పడి ఉన్నాయి. చేత్తో తీసేశాను, నీళ్ళు పల్లానికి పోయాయి.